కంబం కూలినవాడు

శైలవర్ధన రాజకుమారుడు అరిందముడు ఉప్పు సెట్టి వేషంలో శుష్కభైరవుడి కోటగోడ సగం ఎక్కి, అక్కడే ఇరుక్కుపోయాడు. కాపలావాళ్ళు కేకలు పెట్టలేదు, పరుగులు తీయలేదు. కింద చతికిలబడి, ఏవో ఇంటి సంగతులు మాట్లాడుకుంటూ, అతడు దిగేదాకా ఓపిగ్గా కూర్చున్నారు. పైకి పోలేక, కిందికి రాలేక, ఒళ్ళంతా నెత్తురు కారుతుంటే చివరికి అతడే వచ్చి వాళ్ళ మధ్య పడ్డాడు. శత్రువుల చేతికి చిక్కడం రాచబిడ్డలకు కొత్తేమీ కాదు. కానీ ఇలా పండిన తాటిపండులా రాలిపడి చిక్కడం మాత్రం అతడి వంశంలో ఎవరికీ జరిగి ఉండదు.

ఆ గోడకు రాయి లేదు, సున్నం లేదు. అది బతికి ఉన్న గోడ. ఒకదాని భుజం ఒకటి రాసుకుంటూ పెరిగిన కంబజెముళ్ళ వరుస. కంబజెముడంటే మన పొలం గట్ల మీద గొర్రెలకు అడ్డం వేసే జెముడు అనుకునేరు. తాటిచెట్టంత ఎత్తు, ఏనుగుకాలంత లావు, నిలువునా మడతలు, మడత అంచునల్లా గుత్తులు గుత్తులుగా ముళ్ళు. ఆకు అన్నది దాని ఒంటి మీద ఏనాడూ పుట్టలేదు. వాన పడితే మడతలు విప్పుకుని పొట్ట నిండా తాగుతుంది. ఎండ కాస్తే ముడుచుకుని, తాగినదంతా లోపలే దాచుకుంటుంది. ఎవరికీ చుక్క పెట్టదు, నీడ పెట్టదు. వెండిపళ్ళెంలా మండే ఆకాశం కింద, రాగిరేకులా కాలే నేల మీద, కనుచూపు మేరంతా అలాంటి పచ్చని స్తంభాలే. పైకప్పు ఎగిరిపోయిన ఏ రాక్షసరాజు కొలువుకూటమో అన్నట్టు నిశ్శబ్దంగా నిలబడి ఉంటాయి. ఆ నేల పేరు కంబాలసీమ. అక్కడి గాలికి కూడా మనిషంటే గిట్టదు.

అలాంటి చోటికి అరిందముడు సరదాకు రాలేదు. అతడి చెల్లెలు మంజులికను పెళ్ళాడతానని శుష్కభైరవుడు శైలవర్ధనం వచ్చాడు. రాజు కాదన్నాడు. మాంత్రికుడు నవ్వి, వెళ్ళిపోతూ, ఆ పిల్ల పాదంలో ఒక్క ముల్లు గుచ్చిపోయాడు. ఆ రోజు నుంచి మంజులిక ఒంటి మీద ముళ్ళు మొలుస్తున్నాయి. పాదాల దగ్గర మొదలై మోకాళ్ళు దాటి, నడుము దాటి పైకి పాకుతున్నాయి. గొంతు చేరిన రోజున ఆమె మనిషిగా ఉండదు, ఏ తోటమూలలోనో కంబజెముడై నిలిచిపోతుంది. దానికి విరుగుడు ఒక్కటే. మాంత్రికుడి కోట నడుమ ఉన్న జీవకంబం నెత్తిన కాసే ఎర్రటి పండు. నేల తాకితే అది విషం, తాకకుంటే అమృతం. మాంత్రికుడు వచ్చినప్పుడు అరిందముడు సరిహద్దు దండులో ఉన్నాడు కాబట్టి వాడు అతడి ముఖం ఎరగడు. అందుకే ఈ వేషం, ఈ ఉప్పుమూటలు, ఈ అగచాట్లు.

కాపలాదండు నాయకుడు మారెప్ప అతడి చేతులు వెనక్కి విరిచి కట్టి కోటలోకి నడిపించాడు.

శుష్కభైరవుడు కొలువులో లేడు. నిజానికి అతడికి కొలువంటూ లేదు. కోట నడుమ ఆ సీమలో అందరూ ఎరిగిన ఒక్కగానొక్క ఊట. దాని పక్కన నీళ్ళతో చితచితలాడే బురదగుంట. ఎండ నడినెత్తికి వచ్చే వేళకు మాంత్రికుడు ఆ గుంటలో మెడదాకా పాతించుకుని, చర్మంతోనే నీళ్ళు తాగుతాడు. అతడి శక్తంతా అక్కడిదే. ఇంకా పొద్దు ఎక్కలేదు కాబట్టి మోకాళ్ళ దాకా మాత్రమే దిగి, సేవకులు బురద పూస్తుంటే కళ్ళు మూసుకుని ఉన్నాడు. మనిషి మాత్రం ఎండుకట్టె. ఎన్ని నీళ్ళు తాగినా ఒంటికి పట్టవు.

"సామీ, ఈ ఉప్పు సెట్టి గోడెక్కతాండె. దొంగ," అన్నాడు మారెప్ప.

శుష్కభైరవుడు ఒక కన్ను తెరిచాడు. "దొంగను నా దగ్గరికెందుకు తెచ్చావు? మీకేదో కట్టడి ఉన్నది కదా?"

"కంబం నరకాల సామీ."

"నరుకు మరి! ఈ ఉప్పురాయి మీద నా మంత్రం ఎందుకు దండుగ? ఎండే వీణ్ణి తింటుంది, పో!" అని మాంత్రికుడు మళ్ళీ కన్ను మూశాడు.

ఆ మాట అన్నందుకు అతడు ఆ తర్వాత ఎంత ఏడ్చాడో చూడబోతాం.

కంబాలసీమలో మనిషి పుట్టగానే ఊరి వెలుపల వరుసలో అతడి పేర ఒక జెముడు ముక్క నాటుతారు. అది పెరిగినంత కాలం అతడు మనిషి. పరాయివాడు వచ్చినా అంతే. కంబం నాటనిదే వాడికి నీళ్ళు లేవు, మాట లేదు. అరిందముడు ఉప్పుమూటలతో వచ్చిన రోజున ఎవరూ ముక్క ఇవ్వడానికి ముందుకు రాలేదు. సుంకులవ్వ అనే ముసలామె తన కంబం కొమ్మ ఒకటి కోసి ఇచ్చింది. భర్త పోయాడు, పిల్లలు లేరు. ఆమె కంబం పక్కన ఏనాడూ చిన్న కంబం లేవలేదు. "ఏ మనిసికైనా కంబముండాల నాయినా. ల్యాకుంటే నువ్వు మనిసివో గాలివో మాకెట్ల తెలుస్తాది?" అని తనే గుంత తవ్వి నాటింది. ఆ రోజు అరిందముడు లోలోపల నవ్వుకున్నాడు. ఈ రోజు నవ్వు రాలేదు.

ఊరంతా వరుస దగ్గర చేరింది. మారెప్ప గొడ్డలి ఎత్తి ఒకే వేటుకు ఉప్పు సెట్టి కంబాన్ని నరికాడు. లోపలి తెల్లటి గుజ్జు ఎండలో తళుక్కుమంది. ఎవరో అరిందముడి నొసట బూడిద పూశారు. "ఉప్పు సెట్టి పాయె!" అని మారెప్ప మూడు దిక్కులకూ తిరిగి అరిచాడు.

అంతే. జనం కళ్ళు మారిపోయాయి. అప్పటిదాకా అతణ్ణి కోపంగా చూస్తున్న కళ్ళు ఇప్పుడు అతడి గుండా వెనకున్న కొండను చూడసాగాయి. మారెప్ప దగ్గరికొచ్చి చేతుల కట్లు విప్పేశాడు, విప్పుతూ కూడా అతడి ముఖం చూడలేదు. చచ్చినవాణ్ణి కట్టేసుకుని ఎవరేం చేసుకుంటారు?

"మారెప్పా, దాహం," అన్నాడు అరిందముడు.

మారెప్ప ఆవులించి, భుజం మీద గొడ్డలి పెట్టుకుని వెళ్ళిపోయాడు. పిల్లవాడొకడు రాయి విసిరాడు, కానీ అతడి మీదికి కాదు, అతడి వెనకున్న తొండ మీదికి. ఆ రాయి దారిలో అతడి మోకాలికి తగిలితే, గాలికి గురి తప్పినట్టు వాడు విసుక్కున్నాడు.

ఇక నీళ్ళ సంగతి చూడండి. ఊట మీద మాంత్రికుడి మంత్రపు రాయి, పొద్దున ఒక్కసారే జరుగుతుంది. ఇంటింటికీ ఒక దొప్పెడు నీళ్ళు. జెముడులో పిట్ట తొలిచిన గూడు ఎండితే గట్టిపడి కుండలా మిగులుతుంది, దాన్నే వాళ్ళు దొప్ప అంటారు. అరిందముడు మొదటి ఇంటి ముందుకు వెళ్ళాడు. ఆ ఇంటావిడ అతణ్ణి చూడలేదు. కానీ అతడు గడప చేరేలోగా లేచి, పొద్దుటి నుంచి నాలుక తడుపుకోకుండా దాచుకున్న దొప్పెడు నీళ్ళను మట్టిలో గుమ్మరించింది. ఆ తడి మీదికి చీమలు పరుగెత్తాయి. రెండో ఇల్లూ అంతే, మూడో ఇల్లూ అంతే. శవం చేయి పడబోయే నీళ్ళు ఎవరికీ పనికిరావు. దాహంతో చస్తూ కూడా వాళ్ళు ఆ నీళ్ళు పారబోశారే గాని, అతడికి వదలలేదు. అరిందముడికి ఒళ్ళు మండిపోయింది. యుద్ధంలో తన మీదికి దూసిన కత్తులన్నీ కలిపినా ఇంత ద్వేషం లేదనిపించింది.

చివరికి సుంకులవ్వ గుడిసె. ఆమె గడపలో కూర్చుని ఉంది. అతడు రావడం చూసి, చూడనట్టు తల తిప్పుకుంది. చేయి మాత్రం దొప్ప దగ్గరికి పోయి, మెల్లగా దాన్ని బోర్లించింది.

"అవ్వా, నీక్కూడా నేను కనిపించడం లేదా?" అన్నాడు అరిందముడు.

ముసలామె కళ్ళ నుంచి నీళ్ళు జారాయి. అరిందముడు ఆమె మీద కోపంతో అక్కడి నుంచి వచ్చేశాడు. తన మోడు దగ్గరికే వెళ్ళి, ఆ గుజ్జును పిడికెడు పెరికి నమిలాడు. చేదు కడుపులోకి దిగింది, దిగినంత వేగంగా పైకి వచ్చింది. కక్కి కక్కి కళ్ళకు చీకట్లు కమ్మాయి. నరికిన ముక్క అక్కడ లేదని అతడు గమనించాడు, ఎవరో కంచెకు పట్టుకుపోయి ఉంటారనుకున్నాడు.

నేల మీద పడి ఉండగా కాపలావాడొకడు అతడి కాళ్ళు దాటుకుంటూ వెళ్ళాడు. అప్పుడు అరిందముడి బుర్రలో మెరుపు మెరిసింది.

కోటకు పోయే దారి ఇదే. కాపలావాళ్ళు వీళ్ళే. వీళ్ళకు తాను కనబడడు!

లేచాడు. తూలుతూ నడిచాడు. కోటవాకిట ఇద్దరు బల్లేలు అడ్డం పెట్టి నిలబడ్డారు. అరిందముడు ఆ బల్లేల కిందుగా వంగి, ఒకడి మీసం తన చెవికి రాసుకునేంత దగ్గరగా దూరి లోపలికి పోయాడు. "యాడో గాలి కొడతాండాది," అన్నాడు ఒకడు. "చెడ్డగాలిలే, తుపుక్కున ఊయి," అన్నాడు రెండోవాడు. ఇద్దరూ ఉమ్మారు. ఒక తుంపర అరిందముడి మెడ మీద పడింది. అతడు పట్టించుకోలేదు.

ఎండ నడినెత్తికి వచ్చింది. కోట నడుమ జీవకంబం. దాన్ని ఎలా వర్ణించను? సామాన్యపు కంబాలకు అది తాతకు తాత. మొదలు నలుగురు చేతులు కలిపినా అందదు. ముదురుపచ్చ ఒళ్ళు వయసుకు బూడిదరంగు తిరిగింది. నిడుపాటి చేతులు అన్ని వైపులా లేచి, ఆకాశాన్ని దూషిస్తున్నట్టు నిలిచాయి. ముళ్ళు జానెడేసి పొడవు, చివరలు నల్లగా, నెత్తురు తాగి ఎండిన బాకుల్లా ఉన్నాయి. ఆ ముళ్ళ కిరీటం నడుమ, అందరికీ పైన, అప్పుడే కోసిన గుండెకాయలా ఒకే ఒక ఎర్రటి పండు.

దాని నీడ చాలని మొదట్లోనే ఆ బురదగుంట, అందులో శుష్కభైరవుడి తల. తల మాత్రమే. మిగతా ఒళ్ళంతా బురదలో పాతి ఉంది. కళ్ళు మూతలు పడి, నోరు తెరుచుకుని, గురక పెడుతున్నాడు.

గోడవార నిచ్చెన ఉంది, పక్కనే దోటి. పళ్ళు నేల పడకుండా దాని కొసకు వలలాంటి చిక్కం కట్టి ఉంది. అరిందముడు నిచ్చెనను బర్రుమని ఈడ్చుకుంటూ ముంగిలి దాటించాడు. పాతికమంది కాపలావాళ్ళు మర్యాదగా పక్కకు తప్పుకుని దారి ఇచ్చారు. ఒకడు తన కాలి మీద నిచ్చెన ఎక్కితే పళ్ళు బిగబట్టాడే గాని కిమ్మనలేదు. జీవకంబానికి నిచ్చెన ఆనించి, దోటి చేతబట్టి, అరిందముడు ఎక్కసాగాడు. నిచ్చెన అయిపోయాక వడ్రంగిపిట్టలు తొలిచిన కన్నాల్లో కాళ్ళు పెట్టి ఇంకొంచెం పాకాడు. ముల్లొకటి అరచేతిలోకి దిగి వెనక నుంచి వచ్చింది. కేక నోట్లోనే నొక్కేసుకున్నాడు.

కానీ నెత్తురు చుక్క ఒకటి కిందికి జారి, మాంత్రికుడి తెరిచిన నోట్లో పడింది.

శుష్కభైరవుడు చప్పరించాడు. ఉలిక్కిపడి కళ్ళు తెరిచాడు. "రాజరక్తం!" అన్నాడు. తలెత్తాడు. "ఓరీ! నా పండు! పట్టుకోండి వాణ్ణి!"

కాపలావాళ్ళు దిక్కులు చూశారు.

"ఎవుర్ని సామీ?" అన్నాడు మారెప్ప.

"పైన! చెట్టు మీద! కళ్ళు పోయాయా?"

మారెప్ప చేయి అడ్డం పెట్టుకుని పైకి చూశాడు. అరిందముడి కళ్ళలోకే చూశాడు. "ఆడ ఎవురూ ల్యారు సామీ."

"ఉప్పు సెట్టిరా, మూర్ఖుడా!"

"ఆయప్ప పొద్దున్నే పాయె గదా సామీ. తమరే గదా నరకమంటిరి."

శుష్కభైరవుడి ముఖం బురదలోనూ ఎర్రబడింది. చేతులు ఆడించలేడు, మంత్రదండం అందుకోలేడు. "పోనీ నిచ్చెన లాగెయ్యండి!"

"నిచ్చెన మైలపడింది సామీ. ముట్టగూడదు. మాపటికి కాలబెడతాం."

"అయితే నన్ను తవ్వి తీయండి!"

ఆ పనికి మాత్రం కట్టడి అడ్డురాలేదు. అందరూ పారలు అందుకున్నారు. అయినా అంత మట్టి తవ్వడానికి సమయం పడుతుంది. మాంత్రికుడి తల ఒక్కటే కుడికీ ఎడమకీ తిరుగుతూ బూతులు లంకించుకుంది. అరిందముడికి అంత దాహంలోనూ, అంత నొప్పిలోనూ నవ్వు ఆగలేదు. దోటి చాచాడు. చిక్కం పండు కిందికి చేరింది. మెల్లగా తిప్పాడు. పండు తొడిమ తెంచుకుని చిక్కంలో పడింది. మంజులిక బతికినట్టే!

సరిగ్గా అప్పుడే ఊరి వైపు నుంచి డప్పు మోగింది.

పారలు ఆగిపోయాయి. కాపలావాళ్ళ ముఖాలు వికసించాయి. అది పుట్టుక డప్పు. జెముడు ముక్క ఎక్కడ పాతితే అక్కడ వేరు పోస్తుంది, అది దాని గుణం. కూలిన కంబం ముక్కను ఎవరైనా తెచ్చి, వీడు నా కొడుకు అని నాటితే, చచ్చినవాడు ఆ తల్లికి కొత్తగా పుట్టినట్టు. అందరికీ మళ్ళీ కనబడతాడు. ఏ తల్లికీ అంత తెగువ ఉండదు. ఎందుకంటే ఒక మనిషి అలా ఒక్కసారే నాటగలదు, ఆ బిడ్డ మంచిచెడ్డలన్నీ ఆమె నెత్తినే. సుంకులవ్వ పొద్దున బోర్లించిన దొప్పను తలుచుకుని ఏడ్చి ఏడ్చి, ఇక ఉండలేక, నరికినప్పుడే కొంగులో దాచుకుపోయిన ముక్కను తెచ్చి నాటేసింది. కొడుక్కి నీళ్ళు పోయాలని, తనొక్కతెకే తెలిసిన చెలిమెకు పోయి దొప్ప కూడా నింపుకుని వచ్చింది. ఆమె చేసింది మంచిపనే. వేళే దిక్కుమాలిన వేళ.

పాతిక తలలు ఒక్కసారి పైకి లేచాయి.

"అద్దో! ఉప్పు సెట్టి!" అన్నాడు మారెప్ప. "చెట్టు మిందుండాడు! పండు దొంగ!"

బల్లెం ఒకటి రివ్వుమని వచ్చి అరిందముడి చెవి పక్కన జెముడులో దిగబడింది. రెండోది నడుము గీరుకుపోయింది. అతడు సరసర నిచ్చెన మీదికి దిగి, చిక్కాన్ని దోటి నుంచి తెంపి పళ్ళతో కరచిపట్టి, జీవకంబాన్ని రెండు కాళ్ళతో తన్నాడు. నిచ్చెన నిట్టనిలువుగా లేచి, ఒక్క క్షణం గాలిలో తటపటాయించి, గోడ మీదుగా అవతలికి ఒరిగింది. కింద గొర్రెల దొడ్డి. ఎండిన జెముళ్ళ లోపలి కర్రలతో కట్టిన పందిరి ఫెళఫెళ విరిగింది. గొర్రెలు బేబే అంటూ నలువైపులా చెదిరాయి. అరిందముడు వాటి నడుమ నుంచి పైకి లేచాడు. చిక్కం ఎత్తి పట్టుకుని చూశాడు. పండు నేల తాకలేదు.

పరుగు! వెనక వాకిలి తెరిచిన చప్పుడు. బల్లేల గలగల. కంబాల సందుల్లో కుడికి, ఎడమకి, మళ్ళీ కుడికి. నాలుక అట్టకట్టింది. కళ్ళ ముందు పచ్చని స్తంభాలు రెండేసిగా, నాలుగేసిగా కనిపిస్తున్నాయి. మంజులిక ముఖం ఒక్కటే నిలకడగా ఉంది. అలా ఎటు పోతున్నాడో తెలియకుండా పోయి పోయి, ఊరి కంబాల వరుసలోనే వచ్చి పడ్డాడు.

సుంకులవ్వ మెడలో డప్పుతో నిలబడి ఉంది. పక్కన కొత్తగా నాటిన ముక్క, దాని మొదట్లో ఆమె గునపం, గొడ్డలి, నీళ్ళ దొప్ప. అతణ్ణి చూసి బోసినోరంతా తెరిచి నవ్వింది.

"వచ్చినావా కొడకా! రా, రా, నీల్లు తాగు! నీకు తల్లినైతి రా నాయినా!"

ఆమె దొప్ప అందుకునేలోగా కాపలాదండు చుట్టుముట్టింది. వెనకే శుష్కభైరవుడు వచ్చాడు. నడుం దాకా ఇంకా బురద కారుతూ, చేతిలో మంత్రదండం ఆడిస్తూ, రొప్పుతూ వచ్చాడు. నీళ్ళు తాగడం సగంలోనే లేచి వచ్చాడేమో, ఒంట్లో శక్తి సగం కూడా లేదు. అయినా అరవడానికి లోటు లేదు.

"కంబం నరకడాలు గింబం నరకడాలు ఇక చాలు! మనిషినే పొడవండి! గుండెలో పొడవండి! పండు కింద పడకుండా పట్టండి!"

మారెప్ప బల్లెం ఎత్తాడు. అరిందముడు వెనక్కి జరిగితే వీపుకు ముళ్ళు తగిలాయి. కత్తి లేదు, డాలు లేదు, ఒక చేతిలో చిక్కం. సుంకులవ్వ ఒకసారి కొడుకు వంక, ఒకసారి బల్లెం వంక, ఒకసారి తాను నాటిన ముక్క వంక చూసింది. నవ్వు ఆమె ముఖం మీద అలాగే ఉండి, మెల్లగా వంకర తిరిగింది. తాను ఏం చేసిందో ఆమెకు అర్థమైంది.

"ఆగు మారెప్పా," అంది.

వంగి గొడ్డలి తీసుకుంది. ఒక్క దెబ్బకు తన కొడుకు కంబాన్ని నరికింది. నరికి ఊరుకోలేదు. మళ్ళీ ఎవరూ నాటలేకుండా, ముక్కలు ముక్కలుగా, పిసరు పిసరుగా, గుజ్జు ముఖం మీదికి చింది కళ్ళల్లో పడుతున్నా ఆపకుండా నరికింది. తర్వాత గొడ్డలి పారేసి, రెండు చేతులతో గుండెలు బాదుకుంటూ నేల మీద కూలబడింది.

"పాయె! నా కొడుకు పాయె!"

మారెప్ప బల్లెం దించాడు. ఎదుట ఎవరూ లేరు. బోసిపోయిన ముఖంతో తలపాగా తీశాడు. మిగతావాళ్ళూ తీశారు.

"ఏమిటిరా ఇది! వాడు ఇక్కడే ఉన్నాడు!" అంటూ శుష్కభైరవుడు ముందుకు దూకబోయాడు. మారెప్ప బల్లెం అడ్డం పెట్టాడు, ఈసారి మాంత్రికుడికి. అతడి పక్కన ఇంకొకటి, దాని పక్కన ఇంకొకటి.

"తల్లి నీల్లు ఇడిసేదాకా శోకం దాటగూడదు సామీ," అన్నాడు మారెప్ప. ఆ గొంతులో ఇంతకుముందు లేని గట్టితనం ఏదో ఉంది. "ఎవురైనా సరే."

మాంత్రికుడు దండం ఎత్తాడు. దాని కొస నుంచి సన్నగా ధూళి సుడి లేవసాగింది. బల్లేలు కదల్లేదు.

సుంకులవ్వ దొప్ప రెండు చేతులా ఎత్తింది. చచ్చిన కొడుక్కి నీళ్ళు విడిచే హక్కు లోకంలో తల్లి ఒక్కదానికే ఉంది. ఆమె కళ్ళు ఎక్కడో దూరాన ఉన్నాయి. చేతులు మాత్రం, మోడు మీదికి కాదు, కాస్త పక్కకు, అరిందముడు నిలబడిన వైపుకు వంగాయి. అతడు మోకాళ్ళ మీద పడి దోసిలి పట్టాడు. నీళ్ళు దోసిట్లో పడ్డాయి. తాగాడు. చుక్క పోకుండా తాగాడు. ఆ రోజు ఆ ఊళ్ళో మట్టిపాలు కాని నీళ్ళు అవొక్కటే. రాచబిడ్డ, యుద్ధాల్లో నవ్వుతూ గాయాలు తిన్నవాడు, వెక్కి వెక్కి ఏడుస్తూ తాగాడు.

ఆమె అతణ్ణి చూడలేదు. రాగం తీసి శోకాలు మొదలుపెట్టింది. చచ్చినవాళ్ళతో మాట్లాడే మాట అదొక్కటే కదా.

"యాడికి పోతివి కొడకా... ఎండిన కంబాల నడుమ సన్నదావుంటాదే, ఆ దావన పోతివా నాయినా... ఎర్రగుట్ట ఎడమపక్క ఇసకవాగులో చెలిమె ఉంటాదే, ఆ నీల్లు తాగి పోతివా కొడకా..."

అరిందముడు ఆమె పాదాల మీద తల పెట్టి, లేచాడు. చిక్కం గుండెకు అదుముకున్నాడు. వెనక ధూళి సుడి తాటిచెట్టంత ఎత్తు లేచింది. మొదటి బల్లెం ఎగిరిపోయింది. మారెప్ప తనవాళ్ళను పేరు పేరునా పిలుస్తున్నాడు. అరిందముడు ఎండిన కంబాల సందులోకి దూరి, వెనక్కి చూడకుండా పరుగెత్తాడు.

సుడిగాలి హోరు మీదుగా ముసలి గొంతు ఇంకా వినిపిస్తూనే ఉంది.

"మళ్ళా రావద్దు కొడకా... వచ్చినా నేను నిన్ను సూడను... సూసినా పలకను... పోరా నా తండ్రీ, పో..."